గెలిచిన తీర్పుకు మళ్లీ కేసు

కోర్టు ఇచ్చిన ఉత్తర్వును తెలిసి తెలిసి అమలు చేయకపోవడం సివిల్ ధిక్కరణ. కోర్టు ధిక్కరణ చట్టం, 1971లోని సెక్షన్ 2(బి) దీన్ని నిర్వచించింది. తీర్పు, డిక్రీ, ఆదేశం, ఉత్తర్వు, రిట్, వీటిలో దేన్ని ఉద్దేశపూర్వకంగా ఉల్లంఘించినా, కోర్టుకు ఇచ్చిన హామీని కావాలని తప్పినా ఈ సెక్షన్ కిందికి వస్తుంది. న్యాయస్థానం పరువు తీసే మాటలు, రాతలు, న్యాయపాలనకు అడ్డుతగిలే చేతలు క్రిమినల్ ధిక్కరణ. పత్రికల్లో ఎక్కువ చర్చ ఆ రెండో దాని గురించే. జిల్లాల నుంచి హైకోర్టుకు వెళ్లే మామూలు మనుషులకు పట్టేది మాత్రం మొదటిదే. వాళ్లు రిట్ వేసి గెలుస్తారు. ఆర్డరు కాపీ చేతికొస్తుంది. తహసీల్దారు ఆఫీసులో ఫైలు కదలదు. కదిలించడానికి ఇంకో కేసు వేస్తారు.

2025 మార్చిలో కేంద్ర న్యాయశాఖ పార్లమెంటుకు చెప్పిన లెక్క ప్రకారం దేశంలోని హైకోర్టుల్లో 1.43 లక్షలకు పైగా ధిక్కరణ కేసులు పెండింగులో ఉన్నాయి. ఇవన్నీ అధికారుల మీద వేసినవే కావు. అయినా గెలిచిన తర్వాత కూడా కోర్టు మెట్లు దిగలేని మనుషులు ఎందరున్నారో ఆ అంకె చెబుతుంది.

ఈ అధికారం 1971 చట్టంతో పుట్టలేదు. ఆ చట్టానికి ముందు 1926, 1952 చట్టాలు ఉన్నాయి. 1961లో వేసిన హెచ్.ఎన్. సన్యాల్ కమిటీ 1963లో ఇచ్చిన నివేదిక ఇప్పటి చట్టానికి ఆధారం. వీటన్నిటికీ పైన రాజ్యాంగం ఉంది. ఆర్టికల్ 129 సుప్రీంకోర్టును, ఆర్టికల్ 215 హైకోర్టులను తమ ధిక్కరణకు శిక్ష వేయగల కోర్టులుగా గుర్తించాయి. దేశంలోని సివిల్, న్యాయ అధికార వ్యవస్థలన్నీ సుప్రీంకోర్టుకు సహాయంగా పనిచేయాలని ఆర్టికల్ 144 చెబుతుంది. శిక్షను మాత్రం చట్టం కొలిచి పెట్టింది. సెక్షన్ 12 ప్రకారం గరిష్ఠంగా ఆరు నెలల సాధారణ జైలు, 2,000 రూపాయల జరిమానా, లేదా రెండూ. సివిల్ ధిక్కరణలో జరిమానాతో న్యాయం జరుగుతుందనుకుంటే జైలు వేయకూడదు. 1971లో పెట్టిన ఆ 2,000 రూపాయలు ఇప్పటికీ 2,000 రూపాయలే.

కింది కోర్టుల దారి కొంచెం వేరు. ఉదాహరణకు, జనగామ సివిల్ కోర్టు ఇచ్చిన ఇంజంక్షన్‌ను ఎవరైనా ఉల్లంఘిస్తే అదే కోర్టు సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 39, రూల్ 2ఎ కింద ఆస్తిని జప్తు చేయవచ్చు, మూడు నెలలకు మించకుండా సివిల్ జైలుకు పంపవచ్చు. డిక్రీ ఉంటే ఎగ్జిక్యూషన్ పిటిషన్ ఉంటుంది. అమలుకు వేరే దారి ఉన్నప్పుడు ధిక్కరణను అమలు పిటిషన్‌గా వాడకూడదని సుప్రీంకోర్టు 1999లో కపిల్‌దేవ్ ప్రసాద్ సాహ్ కేసులో చెప్పింది. సూత్రంగా అది సరైనదే. కానీ హైకోర్టు రిట్‌లో గెలిచినవాళ్లలో చాలామందికి, ఆచరణలో ధిక్కరణ కేసే అమలు పిటిషన్ అయింది.

హైకోర్టు నుంచి మండలాఫీసు దాకా

జనగామ జిల్లా తరిగొప్పుల మండలంలో ఒక రైతు పట్టా భూమి రికార్డులో తప్పు పడిందనుకుందాం. తహసీల్దారుకు, తర్వాత కలెక్టరుకు అర్జీలు పెడతాడు. జవాబు రాదు. హైదరాబాద్ వెళ్లి రిట్ వేస్తాడు. ఇలాంటి కేసుల్లో హైకోర్టు తరచుగా ఇచ్చే ఉత్తర్వు చిన్నది: పిటిషనర్ అర్జీని చట్టప్రకారం పరిశీలించి ఇన్ని వారాల్లో తగిన ఉత్తర్వులివ్వాలి. అక్కడితో రిట్ ముగుస్తుంది.

తర్వాతి పనంతా గెలిచినవాడి మీదే పడుతుంది. సర్టిఫైడ్ కాపీ తీసుకోవాలి. అర్జీకి ఒక కాపీ జతచేసి తహసీల్దారుకు, ఆర్డీవోకు, కలెక్టరుకు రిజిస్టర్డ్ పోస్టులో పంపి, అక్నాలెడ్జ్‌మెంట్లు దాచుకోవాలి. ఉత్తర్వు గురించి అధికారికి తెలుసని నిరూపించలేకపోతే ధిక్కరణ కేసు నిలబడదు. గడువు దాటాక లాయరు నోటీసు వెళుతుంది. దానికీ కదలిక లేకపోతే హైకోర్టులో కంటెంప్ట్ కేసు, లాయర్ల నోట సీసీ, పడుతుంది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు 1980లో చేసుకున్న ధిక్కరణ నియమాలే ఈ విచారణకు పునాది. నోటీసు ఫారం-1లో వచ్చిందంటే అధికారి స్వయంగా హాజరు కావాలి. కలెక్టరేట్లలో అందరికీ తెలిసిన మాట ఇది. అప్పటిదాకా నెలల తరబడి కదలని ఫైలు, ఫారం-1 వచ్చిన వారంలోనే కదిలిన సందర్భాలు కొల్లలు. కోర్టు పిలిచినప్పుడు వారంలో అయ్యే పని, కోర్టు చెప్పినప్పుడు ఎందుకు కాలేదన్న ప్రశ్నకు ఏ కౌంటర్ అఫిడవిట్టూ తృప్తికరంగా జవాబివ్వలేదు.

గడువు కూడా గెలిచినవాడికే గుదిబండ. సెక్షన్ 20 ప్రకారం ఉల్లంఘన జరిగిన ఏడాది తర్వాత ధిక్కరణ విచారణ మొదలుపెట్టకూడదు. ఏడాదిలోగా పిటిషన్ దాఖలైతే చాలని 2001లో పల్లవ్ షేఠ్ కేసులో సుప్రీంకోర్టు వివరించింది. ఉత్తర్వులో రెండు నెలలు అని ఉంటే ఆ రెండు నెలలు తీరాక ఏడాది మొదలవుతుంది. గడువేమీ రాయకపోతే లెక్క ఎక్కడ మొదలుపెట్టాలన్నదే వాదన అవుతుంది. ‘ఇవాళ రా, రేపు రా’ అంటూ ఆఫీసు చుట్టూ తిప్పితే ఆ తిరుగుడులోనే ఏడాది కరిగిపోతుంది. తెలంగాణ హైకోర్టు నుంచి వెళ్లిన ఒక భూమి కేసులో 2024 జులైలో సుప్రీంకోర్టు ఈ గడువును గట్టిగా పట్టించుకుంది. ఒకసారి జరిగిపోయిన ఉల్లంఘన ఫలితం ఇంకా బాధిస్తున్నంత మాత్రాన అది సాగుతూనే ఉన్న ఉల్లంఘన కాదంది. నమ్మి ఎదురుచూసినవాడికి చట్టం వేసే శిక్ష ఇది.

కుర్చీ ఎవరిది, పేరు ఎవరిది

రిట్‌లో ప్రతివాది పదవి: తహసీల్దారు, తరిగొప్పుల, జిల్లా కలెక్టర్, జనగామ. ధిక్కరణ కేసులో ప్రతివాది మనిషి. పేరు రాయాలి. జైలు శిక్ష పదవికి పడదు, మనిషికి పడుతుంది. ఉత్తర్వు మాత్రం పదవిని పట్టుకొని ఉంటుంది, కొత్తగా వచ్చిన అధికారికీ అది వర్తిస్తుంది. ఈ రెండిటి మధ్య ఉన్న సందులోంచి చాలా కేసులు జారిపోతాయి. ఉత్తర్వు వచ్చినప్పుడు ఒకరు, గడువు తీరినప్పుడు మరొకరు, నోటీసు వచ్చేసరికి మూడో మనిషి. ముందున్నాయన బదిలీ అయిపోయానంటాడు. ఇప్పుడున్నాయన నిన్ననే చార్జి తీసుకున్నానంటాడు. ఇద్దరి మాటా నిజమే కావచ్చు, రైతు భూమి మాత్రం అక్కడే ఉంటుంది.

ఉమ్మడి వరంగల్ జిల్లా ప్రజలకు ఈ చిక్కు ఇంకో రూపంలో ఎదురైంది. 2016 అక్టోబరు 11న పాత జిల్లా ముక్కలై జనగామ, మహబూబాబాద్, జయశంకర్ భూపాలపల్లి కొత్త జిల్లాలయ్యాయి. అప్పటిదాకా నర్మెట్ట మండలంలో ఊరుగా ఉన్న తరిగొప్పుల తానే మండల కేంద్రమైంది. 2019 ఫిబ్రవరిలో భూపాలపల్లి నుంచి ములుగు విడిపోయింది. హైకోర్టు కూడా 2019 జనవరి 1న రెండయింది. ఇలాంటి మార్పుల్లో, వరంగల్ కలెక్టరు పేరిట, నర్మెట్ట తహసీల్దారు పేరిట వచ్చిన పాత ఉత్తర్వును ఏ ఆఫీసు అమలు చేయాలో, పాత రికార్డు ఏ బీరువాలో ఉందో తేల్చుకునే భారం పౌరుడి మీద పడుతుంది. అధికార పరిధి మారితే బాధ్యత కొత్త పరిధికి వెళుతుందన్నది న్యాయం. ఆ మాట అర్జీదారు చెప్పాల్సిన పని లేకుండా ప్రతి కొత్త కలెక్టరేట్‌లోనూ అమలు కావాల్సిన కోర్టు ఉత్తర్వులకు ఒక రిజిస్టరు, దాన్ని చూసే ఒక పేరున్న ఉద్యోగి ఉండాలి. అధికారి చార్జి అప్పగించేటప్పుడు ఆ రిజిస్టరు మీద సంతకం చేసి వెళ్లేలా చేస్తే ‘నాకు తెలియదు’ అన్న జవాబుకు చోటే ఉండదు.

అధికారుల వాదనలు

ప్రతి ఆలస్యమూ ధిక్కరణ కాదు. ఉల్లంఘన ఉద్దేశపూర్వకమని తేలాలి. 2014లో రామ్ కిషన్ కేసులో సుప్రీంకోర్టు దీన్ని విడమరిచింది: తెలిసి, ఆలోచించి, పర్యవసానం ఎరిగి చేసిన పని అయి ఉండాలి, పొరపాటు, సదుద్దేశంతో చేసిన తప్పు, చేతకాని పరిస్థితి ఇందులోకి రావు. ధిక్కరణలో మనిషి స్వేచ్ఛ పోయే ప్రమాదం ఉంది కాబట్టి ఈ కాపుదల అవసరమే. నిధులు విడుదల కాని చోట తహసీల్దారు జేబులోంచి పరిహారం ఇవ్వలేడు. ఉత్తర్వు ఇద్దరు అధికారుల పరిధిలో పడి, పైవాడు సంతకం పెట్టకపోతే కిందివాడు బోనెక్కడం అన్యాయం. కోర్టులు ఈ గొలుసులో అసలు ఎవరి దగ్గర ఆగిందో అడగడం పెరగాలి.

అప్పీలు వేశామన్నది తరచూ వినపడే జవాబు. అప్పీలు వేసినంత మాత్రాన స్టే వచ్చినట్టు కాదు. స్టే పిటిషన్ పెండింగులో ఉంటే దాన్ని ముందు తేల్చి తర్వాత ధిక్కరణ వినడం మంచిదని 1995లో మోడరన్ ఫుడ్ ఇండస్ట్రీస్ కేసు చెప్పింది. ఆ సదుపాయాన్ని ఆధారంగా చేసుకొని, ఫారం-1 అందాక తీరిగ్గా అప్పీలు వేసే అలవాటు పాతుకుపోయింది. ఉత్తర్వు తప్పనిపిస్తే గడువులోగా పై కోర్టుకు వెళ్లడం ప్రభుత్వ హక్కు. గడువు దాటించి, కేసు పడ్డాక వెళ్లడం ఆ హక్కును సవ్యంగా వాడుకోవడం అనిపించుకోదు.

అన్నిటికంటే ఎక్కువమందిని నొప్పించేది ‘పరిశీలించండి’ ఉత్తర్వు. రైతు గెలిచాననుకుంటాడు. తహసీల్దారు పరిశీలిస్తాడు, తిరస్కరిస్తూ ఒక పేజీ రాస్తాడు. ధిక్కరణ కేసు ముగిసిపోతుంది. ఉత్తర్వు అమలు చేస్తూ అధికారి కొత్త నిర్ణయం తీసుకుంటే, అది తప్పయినా దాని మీద కొత్త కేసు వేసుకోవాల్సిందేనని 1996లో జె.ఎస్. పరిహార్ కేసు స్థిరపరిచింది. ధిక్కరణ విచారించే కోర్టు మూల ఉత్తర్వు నాలుగు గోడలు దాటి కొత్త ఉపశమనం ఇవ్వకూడదని 2014లో సుధీర్ వాసుదేవ కేసు చెప్పింది. ఈ రకం ఉత్తర్వుల వల్ల కలిగే గందరగోళాన్ని 2006లో ఏపీఎస్ఆర్టీసీ ఉద్యోగుల కేసులో సుప్రీంకోర్టే చర్చకు పెట్టింది. అధికారి అసలు నిర్ణయమే తీసుకోనప్పుడు పరిశీలించమనడం ఒక సంగతి, హక్కు ఉందో లేదో కోర్టు తేల్చగలిగి ఉండీ పరిశీలించమనడం ఇంకో సంగతి. హైకోర్టు మొదటిసారే హక్కు తేల్చి ఏం చేయాలో స్పష్టంగా రాస్తే, తరిగొప్పుల నుంచి హైదరాబాద్‌కు మూడు ప్రయాణాల బదులు ఒకటి సరిపోతుంది.

దీనికి అద్దం పట్టే ఇంకో వైపు ఉంది: కోర్టు ముందు అధికారి చెప్పే మాటకు ఎంత విలువ అన్నది. భూపాలపల్లి దగ్గర కొంపల్లి గ్రామంలోని 106.34 ఎకరాల అటవీ భూమి కేసు ధిక్కరణ కేసు కాదు, కానీ ఈ ప్రశ్నకు నేరుగా తగులుతుంది. ఆ భూమి ప్రైవేటు వ్యక్తిదని ఒప్పుకునేలా ప్రభుత్వం తరఫునే అఫిడవిట్ దాఖలైంది. 2024 ఏప్రిల్ 18న సుప్రీంకోర్టులో జస్టిస్ ఎం.ఎం. సుందరేశ్, జస్టిస్ ఎస్.వి.ఎన్. భట్టి ధర్మాసనం అది అటవీ భూమేనని తేల్చింది. రాష్ట్ర ప్రభుత్వానికీ ప్రైవేటు పక్షానికీ చెరో 5 లక్షల రూపాయల ఖర్చులు వేసింది. కుమ్మక్కు అఫిడవిట్లు వేసిన అధికారుల మీద విచారణ జరిపి, ఆ సొమ్ము వాళ్ల నుంచి రాబట్టుకునే స్వేచ్ఛ ప్రభుత్వానికి ఇచ్చింది. ప్రజల ఆస్తిని కాపాడాల్సిన సంతకమే దాన్ని వదులుకుంటే ఖజానా కాదు, సంతకం చేసినవాళ్లు చెల్లించాలన్న ఆలోచన అక్కడ స్పష్టంగా ఉంది.

శిక్ష పడ్డ చోట

పదవి ఎంత పెద్దదైనా ధిక్కరణకు మినహాయింపు లేదు. అయోధ్యలో కట్టడాలు జరగవని ఇచ్చిన హామీ తప్పినందుకు ఉత్తరప్రదేశ్ మాజీ ముఖ్యమంత్రి కల్యాణ్ సింగ్‌కు 1994 అక్టోబరు 24న సుప్రీంకోర్టు ఒక రోజు జైలు, 2,000 రూపాయల జరిమానా విధించింది. 1995లో కర్ణాటక ఐఏఎస్ అధికారి జె. వాసుదేవన్‌కు నెల రోజుల జైలు వేసింది.

తెలుగు నేల మీద ఇటీవలి కేసులు ఎక్కువగా ఆంధ్రప్రదేశ్‌వి. పంచాయతీ భవనాలకు వేసిన పార్టీ రంగులు తొలగించమని 2020 మార్చిలో హైకోర్టు చెప్పింది. ప్రభుత్వం ఉన్న రంగులకు మట్టి రంగు చేర్చి జీవో 623 తెచ్చింది. మే 22న హైకోర్టు ఆ జీవోను కొట్టేసి, ప్రధాన కార్యదర్శి సహా ఉన్నతాధికారుల మీద తానుగా ధిక్కరణ చేపట్టింది. జూన్ 3న సుప్రీంకోర్టు ప్రభుత్వ అప్పీలును తోసిపుచ్చింది. ఉత్తర్వును పాటించినట్టు కనిపిస్తూ పాటించకుండా ఉండే జీవో కూడా ధిక్కరణే అవుతుందని ఈ కేసు నేర్పింది.

ప్రభుత్వ బడుల ఆవరణల్లో గ్రామ సచివాలయాలు కట్టవద్దన్న ఉత్తర్వును అమలు చేయలేదని 2022 మార్చి 31న జస్టిస్ బట్టు దేవానంద్ ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలు వేశారు. వాళ్లు క్షమాపణ చెప్పాక శిక్ష మార్చారు: ఏడాది పాటు నెలకో ఆదివారం సంక్షేమ హాస్టలుకు వెళ్లి పిల్లలతో గడపాలి, ఒక రోజు భోజనం ఖర్చు సొంతంగా భరించాలి. పిల్లల ఆటస్థలం పోయిన కేసులో శిక్ష పిల్లల దగ్గరికే పంపడం ఆలోచించి చేసిన పని. అంతకు ముందు, 2021 సెప్టెంబరు 2న, నెల్లూరు జిల్లాలో భూమి కోల్పోయిన ఒక మహిళకు 2017లో ఇవ్వమన్న పరిహారం ఏళ్ల తరబడి ఆపినందుకు అదే న్యాయమూర్తి ఐఏఎస్ అధికారులకు జైలు శిక్షలు విధించి, అప్పీలు కోసం అమలును ఆపారు. ఆమెకు లక్ష రూపాయల ఖర్చులు చెల్లించి, బాధ్యుల జీతాల నుంచి రాబట్టమన్నారు.

గుంటూరు కేసు సుదీర్ఘమైనది. 2013 డిసెంబరు 11న అడవితక్కెళ్లపాడులోని గుడిసెలు తొలగించవద్దని హైకోర్టు చెప్పింది. 2014 జనవరిలో అప్పటి తహసీల్దారు తాతా మోహనరావు వాటిని పోలీసు బలగంతో కూల్పించారు. 2015 మార్చి 27న సింగిల్ జడ్జి రెండు నెలల జైలు, 2,000 రూపాయల జరిమానా వేశారు. డివిజన్ బెంచ్ దాన్ని నిలబెట్టింది. ఈలోగా ఆయన డిప్యూటీ కలెక్టరయ్యారు. సుప్రీంకోర్టు జైలు బదులు కింది పదవికి దిగడానికి ఒప్పుకుంటారా అని అడిగితే మొదట ఒప్పుకోలేదు. 2025 మే 9న జస్టిస్ బి.ఆర్. గవాయి, జస్టిస్ ఎ.జి. మసీహ్ ధర్మాసనం ఆయన్ను మళ్లీ తహసీల్దారు స్థాయికి దించి, లక్ష రూపాయల జరిమానా వేసింది. కుటుంబాన్ని జైలు శిక్ష వీధిన పడేయకుండా, ఉద్యోగంలో మాత్రం ఆ తప్పు గుర్తుండిపోయేలా చేసిన తీర్పిది. గుడిసెలు పోయి అప్పటికి 11 ఏళ్లు దాటింది. ఇదే శిక్ష రెండేళ్లలో పడి ఉంటే రాష్ట్రంలోని ప్రతి తహసీల్దారు ఆఫీసులో దాని గురించి మాట్లాడుకునేవాళ్లు.

తెలంగాణలో 2021 జూన్ 7న వచ్చిన జీవో 208 వేరే చర్చ రేపింది. ధిక్కరణ కేసుల పేరిట 58.95 కోట్ల రూపాయలు మంజూరు చేసిన ఆ జీవో మీద ప్రజాప్రయోజన వ్యాజ్యం పడింది. ఆగస్టులో హైకోర్టు అప్పటి చీఫ్ జస్టిస్ హిమా కోహ్లీ ధర్మాసనం నిధుల విడుదలను ఆపింది. అది భూసేకరణ పరిహారం చెల్లింపులకేనని ప్రభుత్వం వివరించుకుంది. వివరణ నిజమే అనుకున్నా, చెల్లించాల్సిన పరిహారం ధిక్కరణ కేసు పడ్డాకే బడ్జెట్‌కు ఎక్కిందన్న సంగతి మిగులుతుంది. 2025లో కంచ గచ్చిబౌలిలో చెట్లు కొట్టిన కేసులో పచ్చదనం పునరుద్ధరించకపోతే అధికారులు జైలుకు వెళ్లాల్సి రావచ్చని సుప్రీంకోర్టు హెచ్చరించింది.

పిలిచే పద్ధతి, అప్పీలు దారి

అధికారులను పిలవడానికీ హద్దులున్నాయి. రిటైర్డ్ న్యాయమూర్తుల సదుపాయాల కేసులో అలహాబాద్ హైకోర్టు ఇద్దరు ఆర్థిక శాఖ కార్యదర్శులను కస్టడీలోకి తీసుకున్న నేపథ్యంలో, 2024 జనవరి 3న సుప్రీంకోర్టు అప్పటి చీఫ్ జస్టిస్ డి.వై. చంద్రచూడ్ ధర్మాసనం ఒక ప్రామాణిక విధానం నిర్దేశించింది. ముందు వీడియో కాన్ఫరెన్స్ అవకాశం ఇవ్వాలి, స్వయంగా రమ్మంటే ముందే నోటీసు ఇవ్వాలి, దుస్తుల మీద వ్యాఖ్యానాలు చేయకూడదు, విచారణంతా నిలబెట్టకూడదు, చట్టబద్ధంగా ఉత్తర్వును సవాలు చేసిన అధికారిని ధిక్కరణతో బెదిరించకూడదు. ఒక కలెక్టరు రోజంతా హైదరాబాద్‌లో బెంచీ మీద కూర్చుంటే జిల్లాలో పని ఆగుతుంది. కాబట్టి ఈ విధానం సరైనదే. వీడియోలో కనిపించిన అధికారిని కూడా తారీఖులు అడగవచ్చు: ఉత్తర్వు ఎప్పుడు చేరింది, ఫైలు ఎవరి దగ్గర ఎన్ని రోజులుంది, సంతకం ఎప్పుడైంది.

శిక్ష పడ్డ అధికారికి సెక్షన్ 19 కింద అప్పీలు హక్కుగా ఉంది. సింగిల్ జడ్జి శిక్ష మీద 30 రోజుల్లో డివిజన్ బెంచ్‌కు, బెంచ్ తీర్పు మీద 60 రోజుల్లో సుప్రీంకోర్టుకు వెళ్లవచ్చు. అప్పీలు తేలేదాకా శిక్ష నిలిపివేయవచ్చు. క్షమాపణ మనస్ఫూర్తిగా ఉంటే శిక్ష తీసేయవచ్చు, షరతులతో ఉందన్న ఒక్క కారణంతో దాన్ని తోసిపుచ్చకూడదు. పిటిషనర్‌కు అప్పీలు హక్కు లేదు. ధిక్కరణ జరగలేదని హైకోర్టు కేసు మూసేస్తే సెక్షన్ 19 కింద అప్పీలు చేసుకోలేడని 2006లో మిడ్నాపూర్ పీపుల్స్ కోఆపరేటివ్ బ్యాంకు కేసులో తేలింది. అతనికి మిగిలేది ఆర్టికల్ 136 కింద ఢిల్లీలో స్పెషల్ లీవ్ పిటిషన్. తరిగొప్పుల తహసీల్దారు ఆఫీసులో ఒక ఎంట్రీ సరిచేయించుకోవడానికి మొదలైన కేసుకు అది చివరి మెట్టు.